నిమిషం నిడివి నవ్వు

మొదటిసారి ఆ సినిమా చూసినప్పుడు నాకు కోపం వచ్చింది. రెండోసారి చూసినప్పుడు నవ్వొచ్చింది. మూడోసారి కాగితం, పెన్ను దగ్గర పెట్టుకుని కూర్చున్నాను.

సినిమా అన్నానని రెండున్నర గంటల సినిమా అనుకునేరు. మొత్తం కలిపి నిమిషం పైన కొద్ది సెకన్లు. 1901లో అమెరికాలో ఎడిసన్ కంపెనీ తీసింది. పేరు 'వాట్ హాపెన్డ్ ఆన్ ట్వెంటీ థర్డ్ స్ట్రీట్, న్యూయార్క్ సిటీ'. కెమెరాని వీధి పక్కన నిలబెట్టారు. జనం వాళ్ళ పనుల మీద వాళ్ళు పోతున్నారు. కొందరు కెమెరా వైపు అనుమానంగా చూసి తప్పుకుంటున్నారు. దూరం నుంచి ఒక మగా ఆడా జంటగా నడిచి వస్తున్నారు. కాలిబాట మీద ఒక ఇనప జాలీ ఉంది. కింద నుంచి గాలి తన్నుకొస్తోంది. ఆమె దాని మీద కాలు పెట్టగానే పొడుగాటి స్కర్టు మోకాళ్ళ దాకా లేచిపోయింది. ఆమె గబుక్కున సర్దుకుని, నవ్వుకుంటూ కెమెరాని దాటి వెళ్ళిపోయింది. అంతే సినిమా.

1955లో మార్లిన్ మన్రో తెల్లగౌను అలాగే ఎగిరింది. ఆ బొమ్మ ప్రపంచమంతా గోడల మీదకెక్కింది. దానికి యాభైనాలుగేళ్ళ ముందే ఈ ముచ్చట జరిగిపోయిందన్నమాట. ఒక వస్తువు కదులుతున్నట్టు చూపించగలిగిన యంత్రం చేతికి రాగానే మగవాళ్ళు దానితో చేసిన తొలి పనుల్లో ఒకటి దారిన పోయే ఆడదాని స్కర్టు లేపడమా అని నాకు కోపం వచ్చింది. మనకి లారా మల్వీ ఉంది కదా, 1975 నాటి ఆ వ్యాసం. సినిమా చూపు మగచూపు అని ఆమె చెప్పింది మనందరం చదువుకున్నాం, క్లాసుల్లో చెప్పాం. ఆ చట్రంలో ఈ నిమిషం సినిమా చక్కగా ఇమిడిపోయింది. కానీ మళ్ళీ చూస్తే ఆమె నవ్వు దగ్గర చిక్కొచ్చి పడింది. అది సిగ్గుతో తల వంచుకున్న నవ్వు కాదు. ఏడుపు మొహం అసలే కాదు. 'భలే అయింది' అన్నట్టు పక్కనున్న అతనితో కలిసి పెద్దగా నవ్వుకుంటూ పోతోంది. ఇదంతా ముందే అనుకుని తీసింది. ఆమె నటి, పేరు ఫ్లారెన్స్ జార్జీ. పక్కనున్నతను ఆల్ఫ్రెడ్ అబాడీ, ఎడిసన్ దగ్గర పనిచేసే కెమెరామన్. ఆమెకి నవ్వమని చెప్పే ఉంటారు, నాకు తెలుసు. అయినా చెప్పిన దానికంటే ఆ నవ్వు కొంచెం ఎక్కువగానే ఉంది.

నా పిహెచ్‌డి సినిమా మీద కాదు. స్త్రీల స్వీయచరిత్రల మీద. సినిమాలోకి నేను అడ్డదారిన వచ్చాను. మా కాలేజీలో డిగ్రీ చివరి ఏడాది పిల్లలకి సినిమా మీద ఒక పేపరు పెడితే, చెప్పేవాళ్ళు లేక నాకు అంటగట్టారు. సిలబస్‌లో మొదటి యూనిట్ 'సినిమా పుట్టుక'. పాఠ్యపుస్తకం తెరిస్తే ఎడిసన్, లూమియేర్ సోదరులు, మెలియెస్, పోర్టర్, గ్రిఫిత్. అందరూ మీసాలాయనలే. పుట్టుకలో ఒక్క ఆడది లేకపోవడం ఎలా కుదిరిందబ్బా అనుకున్నాను. సాహిత్య చరిత్రల్లో ఈ వింత చూసి చూసి అలవాటైన ప్రాణం కాబట్టి వెతకడం మొదలుపెట్టాను.

వెతికితే ముందు దొరికింది కాగితం.

దీన్ని కాస్త వివరంగా చెప్పాలి. ఎందుకంటే ఏది మిగిలింది, ఏది పోయింది అన్నదంతా దీనిమీదే నడిచింది. ఆ రోజుల్లో ఫిల్మ్ అంటే నైట్రేట్ సెల్యులాయిడ్. అగ్గిపుల్ల గీయక్కర్లేదు, వేడెక్కితే చాలు అంటుకుంటుంది. అంటుకోకపోతే నెమ్మదిగా జిగురుగా, ఆ తర్వాత పొడిగా మారిపోతుంది. అప్పటి అమెరికా చట్టంలో సినిమాకి కాపీరైట్ లేదు, ఫొటోకి ఉంది. ఒకరి సినిమా ఇంకొకరు కాపీ కొట్టి అమ్ముకోవడం మామూలైపోయింది. దాంతో కంపెనీలు ఒక ఉపాయం పన్నాయి. సినిమాలోని ఒక్కో బొమ్మనీ పొడుగాటి ఫొటోకాగితం మీద అచ్చువేసి, చుట్టచుట్టి, ఇదిగో ఫొటోలు అని వాషింగ్టన్‌లోని లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌కి పంపేవాళ్ళు. 1912లో చట్టం సినిమాని సినిమాగా గుర్తించేదాకా ఇదే పద్ధతి. అసలు రీళ్ళు కాలిపోయాయి, కుళ్ళిపోయాయి. కాగితపు చుట్టలు మాత్రం లైబ్రరీలో పడి ఉన్నాయి. అలా 3000కి పైగా సినిమాలు బతికాయి. 1950లలో కెంప్ నైవర్ అనే ఆయన పూనుకుని వాటిని ఒక్కో బొమ్మా మళ్ళీ ఫిల్మ్ మీదకి ఎక్కించాడు. వ్యాపారులు కళని దాచాలనుకోలేదు, లాభాన్ని కాపాడుకోవాలనుకున్నారు. ట్వెంటీ థర్డ్ స్ట్రీట్ మీద నవ్విన ఆమెని ఈరోజు మనం చూడగలుగుతున్నది అందుకే.

ఇందులో ఒక మెలిక ఉంది. కాగితంలో ఎక్కువగా మిగిలింది ఎడిసన్, బయోగ్రాఫ్ లాంటి పెద్ద కంపెనీల సరుకు. చట్టం మారాక కాగితపు చుట్టల అవసరం తీరిపోయింది. నైట్రేట్ రీళ్ళు నిప్పుతో సమానం కాబట్టి లైబ్రరీ వాటిని దాచకుండా నమోదు చేసుకుని పంపినవాళ్ళకే తిప్పి పంపేది. సరిగ్గా ఆ రోజుల్లోనే, 1910 తర్వాత, ఆడవాళ్ళు సొంతంగా సినిమాలు తీయడం జోరందుకుంది. వాళ్ళు తీసేటప్పటికి దాచే ఏర్పాటు పోయింది.

ఆలిస్ గీ సంగతి చెప్తాను.

ఆమె పుట్టింది 1873లో, ఫ్రాన్స్‌లో. మన భండారు అచ్చమాంబ కంటే ఒక్క ఏడాది పెద్ద. గోమోం అనే ఆయన దగ్గర స్టెనోగ్రాఫరుగా చేరింది. కెమెరాలు అమ్మే కంపెనీ అది. కెమెరా ఎలా పనిచేస్తుందో చూపించడానికి రైళ్ళు, పరేడ్లు తీస్తుంటే, దీనితో కథ చెప్పొచ్చు కదా అని ఆమెకి తోచింది. ఆఫీసు పనికి అడ్డం రాకుండా చేసుకో అన్నాడట యజమాని. 1896లో 'క్యాబేజీల దేవత' అనే చిన్న సినిమా తీసింది. క్యాబేజీ పొదల్లోంచి పసిపిల్లల్ని తీసి అందించే దేవత. పదేళ్ళ పాటు గోమోం కంపెనీ సినిమాల తయారీ అంతా ఆమె చేతిమీదుగానే నడిచింది. 1907లో హెర్బర్ట్ బ్లాషేని పెళ్ళి చేసుకుని అమెరికా వచ్చింది. 1910లో సోలాక్స్ అని సొంత కంపెనీ పెట్టింది. 1912లో న్యూజెర్సీలోని ఫోర్ట్ లీలో లక్ష డాలర్ల పైన ఖర్చుపెట్టి స్టూడియో కట్టించింది. అదే ఏడాది రెండో బిడ్డని కన్నది. స్టూడియోలో నటులందరికీ కనబడేలా పెద్ద బోర్డు: సహజంగా ఉండండి. అప్పటి నటన చూస్తే ఆ బోర్డు ఎందుకు అవసరమైందో అర్థమవుతుంది. గుండె మీద చెయ్యి వేసుకోకుండా ఎవరూ బాధపడేవాళ్ళు కాదు.

(1910 అంటే మనకి 'దిద్దుబాటు' వచ్చిన ఏడాది. దానికి ఎనిమిదేళ్ళ ముందే అచ్చమాంబ 'ధనత్రయోదశి' రాసింది. అయినా తొలి కథ ఏది అనగానే ఏ పేరు చెప్పమని మనకి నేర్పారో మీకు తెలుసు.)

సోలాక్స్ సినిమాలు చాలావరకు ఒక్క రీలువి. ఒక రీలంటే 1000 అడుగులు, చేత్తో తిప్పే వేగాన్ని బట్టి పది పదిహేను నిమిషాలు. నేను క్లాసులో తరచుగా చూపించేది 'మేకింగ్ యాన్ అమెరికన్ సిటిజన్', 1912. మొదటి దృశ్యం చూడగానే మా పిల్లలు ఊపిరి బిగబడతారు. రష్యా పల్లెటూరి దారి. బండికి ఒక పక్క గాడిద, ఇంకో పక్క భార్య. భర్త ఇవాన్ బండి మీద కూర్చుని ఇద్దర్నీ ఒకే కొరడాతో అదిలిస్తున్నాడు. ఇద్దరూ అమెరికా వలస పోతారు. న్యూయార్క్‌లో దిగగానే మూటలన్నీ ఆమె నెత్తిన పెట్టి ఇతను చేతులూపుకుంటూ నడుస్తుంటే, దారిన పోయే అమెరికన్ ఒకడు ఆపి, మూటలు ఇవాన్ నెత్తికి మారుస్తాడు. అది అతనికి మొదటి పాఠం. ఇంట్లో ఆమె మీద చెయ్యెత్తితే పక్కింటివాళ్ళొచ్చి బుద్ధి చెప్తారు. చివరికి కోర్టు, జైలు, కాలికి గొలుసు. తిరిగొచ్చాక ఇవాన్ మారిపోయి తోటలో తవ్వుతాడు, భార్యతో కూర్చుని భోంచేస్తాడు.

భార్యని కొట్టడం ఇంటి గొడవ కాదు, నేరం అని 1912లో తెరమీద చెప్పిన సినిమా ఇది. మన దేశంలో 498ఎ రావడానికి 1983 దాకా ఆగాల్సి వచ్చింది. అందుకే మొదట్లో ఆ సినిమా అంటే నాకు చాలా గౌరవం. ఇప్పుడూ ఉంది, కానీ దానితో పాటు ఒక పేచీ కూడా. ఇవాన్‌కి పాఠాలు చెప్పేవాళ్ళంతా మగవాళ్ళు. ఆ ఇల్లాలు ఆ పదహారు నిమిషాల్లో ఒక్కసారి కూడా తనంతట తాను తిరగబడదు. పైగా కొట్టడం అనేది ఎక్కడో వెనకబడిన దేశం నుంచి మూటతో పాటు తెచ్చుకున్న జబ్బు అయినట్టూ, అమెరికా నేలమీద కాలుపెడితే నయమైపోతుందన్నట్టూ ఉంటుంది వరస. అమెరికన్ మొగుళ్ళెవరూ చెయ్యెత్తనట్టు! 1927లో కేథరిన్ మేయో అనే అమెరికన్ ఆవిడ 'మదర్ ఇండియా' పుస్తకం రాసి, ఆడవాళ్ళని ఇలా చూసుకునేవాళ్ళకి స్వరాజ్యం ఎందుకన్నది గుర్తుందా? ఆ వాదానికి ఇది మేనత్త లాంటిది. ఆలిస్ తనూ వలస వచ్చినదే, ఇంగ్లీషు తడబడుతూ నేర్చుకున్నదే. 'నేను అమెరికన్ని' అని రుజువు చేసుకోవాల్సిన అవసరం ఆమెకీ ఉండి ఉంటుందని నా ఊహ.

ఇంకో పేచీ కూడా చెప్పకపోతే అన్యాయం. 1912లోనే ఆమె 'ఎ ఫూల్ అండ్ హిజ్ మనీ' తీసింది. నల్లవాళ్ళతో కలిసి నటించమని తెల్లనటులు మొండికేస్తే, మొత్తం పాత్రలన్నీ నల్లజాతి నటులతోనే తీసింది. ఆ రోజుల్లో అది చిన్న విషయం కాదు. అదే ఆలిస్ 1913లో 'మాట్రిమనీస్ స్పీడ్ లిమిట్' తీసింది. మధ్యాహ్నం పన్నెండులోపు పెళ్ళి చేసుకుంటే ఆస్తి వస్తుందని తెలిసి ఒకడు కనిపించిన ప్రతి ఆడదాని వెంటా పడతాడు. మేలిముసుగు వేసుకున్న ఒకామెని ఆపితే, ముసుగు తీశాక ఆమె నల్లామె. వాడు పరుగో పరుగు. ప్రేక్షకులు నవ్వాలి. ఆ చోట నేను క్లాసులో సినిమా ఆపేస్తాను. ఒక్కోసారి అరగంట దాకా మళ్ళీ మొదలవదు. మా క్లాసులో దళిత అమ్మాయిలున్నారు. ఎవరిని చూసి ఎవరు నవ్వడం అన్నది వాళ్ళకి నేను చెప్పాల్సిన పాఠం కాదు.

ఆ నవ్వుకి జవాబు అన్నట్టుగా నాకు ఇంకో సినిమా దొరికింది. ఎడిసన్ కంపెనీదే, 1907. పేరు 'లాఫింగ్ గ్యాస్'. మాండీ అనే నల్లామెకి పన్ను నొప్పి. చెంపకి గుడ్డ కట్టుకుని డాక్టరు దగ్గరికి పోతే, నొప్పి తెలియకుండా గ్యాస్ పట్టిస్తాడు. ఇక నవ్వు ఆగదు. డాక్టరుకి అంటుకుంటుంది. బయటికొస్తే బండిలో జనానికి అంటుకుంటుంది. పోలీసులు పట్టుకుపోతే కోర్టులో జడ్జీకి అంటుకుంటుంది. పనిచేసే ఇంట్లో వడ్డిస్తూ నవ్వి దొరల మీద కూర ఒలకబోస్తుంది. చర్చిలో కూడా అంతే. చివర్లో తెర నిండా ఆమె మొహమే, నవ్వుతూ. ఆ నటి పేరు బెర్తా రెగస్టస్. వెకిలి పాత్ర అని కొట్టిపారేయొచ్చు. తెల్లవాళ్ళని నవ్వించడానికి నల్లవాళ్ళని పెద్దనోరు చేసి చూపించే నాటకాల సంప్రదాయంలోంచి వచ్చిందే ఇది కూడా. అయినా ఒక పనిమనిషి నవ్వితే పోలీసు, జడ్జీ, పాస్టరు ఒకరి తర్వాత ఒకరు కూలబడిపోవడం చూస్తుంటే, తీసినవాళ్ళు అనుకున్నది ఒకటి, బెర్తా చేసి చూపించింది ఇంకొకటి అనిపిస్తుంది.

1898లో షికాగోలో సెలిగ్ కంపెనీ తీసిన అరనిమిషం ముద్దు గురించి కూడా ఇక్కడే చెప్పేయాలి. అంతకు రెండేళ్ళ ముందు ఎడిసన్ కంపెనీ మే ఇర్విన్, జాన్ రైస్ అనే స్టేజీ నటుల ముద్దుని తీసి ఊరంతా గోల చేయించింది. ఇది దానికి పోటీ. ఇందులో ఉన్నది గెర్టీ బ్రౌన్, సెయింట్ సటిల్, ఇద్దరూ నల్లజాతి కళాకారులు. ముద్దు పెట్టుకుంటారు, విడిపోయి చేతులు ఊపుకుంటూ నవ్వుకుంటారు, మళ్ళీ ముద్దు. ఎక్కడా ఎగతాళి లేదు. మనుషుల్ని చెట్లకి ఉరేసిన ఆ కాలంలో ఇద్దరు మనుషులు అంత తేలిగ్గా, అంత ఇష్టంగా నవ్వుకోవడం రికార్డయింది. అయ్యాక నూట పందొమ్మిదేళ్ళు ఎవరికీ కనబడలేదు. 2017లో దొరికింది. అందులో ఉన్నది ఎవరో తేల్చింది ఆలిసన్ నాడియా ఫీల్డ్ అనే పరిశోధకురాలు. వేసుకున్న బట్టలు, పాత పత్రికలు, పాత అమ్మకాల జాబితాలు పట్టుకుని ఒక్కో దారం లాగుతూ పోయింది. పరిశోధన అంటే ఏమిటని పిల్లలెవరైనా అడిగితే నేను ఈ కథ చెప్తున్నాను.

ఇవన్నీ చూసిందెవరు? 1905లో పిట్స్‌బర్గ్‌లో ఒక ఖాళీ దుకాణంలో కుర్చీలు వేసి, ఐదు సెంట్ల టికెట్టుతో సినిమాలు వేయడం మొదలుపెట్టారు. ఐదు సెంట్ల నాణేన్ని నికెల్ అంటారు కాబట్టి దాన్ని నికెలోడియన్ అన్నారు. మూడు నాలుగేళ్ళలో వేలకొద్దీ పుట్టాయి. నాటకానికి పోవాలంటే మంచి బట్టలు కావాలి, డబ్బు కావాలి, ఇంగ్లీషు రావాలి. దీనికి అవేవీ అక్కర్లేదు. పగలంతా కుట్టుమిషను మీద వంగిన యూదు, ఇటలీ అమ్మాయిలు, చంకలో బిడ్డనీ కూరగాయల సంచినీ వేసుకున్న తల్లులు, సాయంత్రం ఒక అరగంట అందులో దూరేవాళ్ళు. 'దోజ్ ఆఫుల్ హాట్స్' అని గ్రిఫిత్ 1909లో తీసిన చిన్న సినిమా ఉంది. ఆడవాళ్ళు పెద్దపెద్ద టోపీలు పెట్టుకుని వచ్చి వెనకవాళ్ళకి తెర కనబడకుండా చేస్తుంటే, పైనుంచి ఇనప కొక్కెం దిగి టోపీని ఎత్తుకుపోతుంది. ఆ తర్వాత ఒకామెనే ఎత్తుకుపోతుంది. నవ్వు సంగతి అలా ఉంచితే, హాల్లో ఆడవాళ్ళు ఎంతమంది ఉండేవారో చెప్పడానికి ఇంతకంటే సాక్ష్యం ఏం కావాలి. చీకట్లో అమ్మాయిలు చెడిపోతున్నారని పెద్దలు గగ్గోలు పెట్టారు. 1908 క్రిస్మస్ ముందురోజు న్యూయార్క్ మేయరు నగరంలోని నికెలోడియన్లన్నీ ఒక్క దెబ్బకి మూయించాడు. ఎన్నాళ్ళో నిలవలేదులెండి.

ఆ అమ్మాయిలు పనిచేసే చోట ఏం జరిగిందో మనకి తెలుసు. 1911 మార్చి 25న న్యూయార్క్‌లో ట్రయాంగిల్ షర్ట్‌వెయిస్ట్ ఫ్యాక్టరీ తగలబడింది. తలుపుకి తాళం వేసి ఉంది. 146 మంది చచ్చిపోయారు, ఎక్కువమంది వలస వచ్చిన ఆడపిల్లలు. మరుసటి ఏడాది ఎడిసన్ కంపెనీ 'ది క్రైమ్ ఆఫ్ కేర్‌లెస్‌నెస్' అనే సినిమా తీసింది. దీనికి తోడు నిలిచింది ఫ్యాక్టరీ యజమానుల జాతీయ సంఘం. కథలో యజమాని తలుపుల సంగతి పట్టించుకోడు, నిజమే. కానీ మంట పుట్టింది ఒక కార్మికుడు చుట్ట వెలిగించి పడేసిన అగ్గిపుల్ల వల్ల. అతన్ని పెళ్ళాడబోయే అమ్మాయి హిల్డా ఆ మంటల్లో అవిటిదైపోతుంది. చివరికి ఆ హిల్డా చేతనే, ఇద్దరిదీ తప్పే అనిపిస్తారు. తాళం వేసినవాడూ అగ్గిపుల్ల వేసినవాడూ సరిసమానం! మనుషులు కాలిపోయి రెండేళ్ళు కూడా కాలేదు. ఐదు సెంట్లిచ్చి ఆ సినిమా చూసినవాళ్ళలో, ఆ మంటల్లో చెల్లెల్ని పోగొట్టుకున్నవాళ్ళు కూడా ఉండి ఉంటారు.

ఇక భయం. మూగసినిమా ఆడదాన్ని నవ్వించినంతగానే భయపెట్టింది కూడా. ఒంటరి ఇల్లు, తలుపు బయట దొంగ, లోపల భార్యా పిల్లలు, ఫోనులో భర్త, తెగిపోయిన తీగ. గ్రిఫిత్ 1909లో 'ది లోన్లీ విల్లా' తీశాడు. అటు ఇల్లు, ఇటు పరుగెత్తుకొస్తున్న భర్త, మార్చి మార్చి చూపించి ప్రేక్షకుల్ని కుర్చీ అంచుకి తెచ్చాడు. మన సినిమాల్లో హీరో ఆఖరి నిమిషంలో తలుపు బద్దలుకొట్టుకుని రావడానికి ఇది ముత్తాత. 1913లో లోయిస్ వెబర్, ఆమె భర్త ఫిలిప్స్ స్మాలీ కలిసి అదే కథని పది నిమిషాల్లో 'సస్పెన్స్' పేరుతో తీశారు. రాసిందీ, భార్యగా నటించిందీ వెబరే. కథ పాతదే, చూపు మారిపోయింది. పై అంతస్తు కిటికీలోంచి ఆమె కిందకి తొంగిచూస్తుంది. కింద తలుపు దగ్గరున్న వాడు చటుక్కున తలెత్తుతాడు. వాడి మొహం నిట్టనిలువుగా మన మొహంలోకే చూస్తుంది. ఆ క్షణం మనం ప్రేక్షకులం కాదు, కిటికీ దగ్గర నిలబడ్డ ఆడవాళ్ళం. తెరని మూడు త్రికోణాలుగా విడగొట్టి ఒకేసారి దొంగనీ, ఫోను పట్టుకున్న భార్యనీ, ఆఫీసులో భర్తనీ చూపిస్తుంది. సాంకేతికంగా అందరూ దాని గురించే రాస్తారు. నాకు మాత్రం ఆ కిటికీయే.

ఇక్కడ నేను కొంచెం నిజాయితీగా ఉండాలి. ఆడది తీసింది కాబట్టి అందులో ఆడది ధైర్యవంతురాలు అని రాసేస్తే వ్యాసం సాఫీగా సాగిపోతుంది. కానీ వెబర్ భార్య చేసేదల్లా బిడ్డని పట్టుకుని, తలుపుకి సామాన్లు అడ్డం పెట్టి, ఎదురుచూడటం. అదే గ్రిఫిత్ 1911లో తీసిన 'ది లోన్‌డేల్ ఆపరేటర్'లో రైల్వే స్టేషన్లో టెలిగ్రాఫ్ పనిచేసే అమ్మాయి, బ్లాంచ్ స్వీట్ వేసిన పాత్ర, చీకట్లో ఒక పానా పట్టుకుని, పిస్తోలేనని నమ్మించి దొంగలిద్దర్నీ నిలబెట్టేస్తుంది. దాన్ని తీసింది మగాడు. మరి వెబర్ ఎందుకలా తీసింది? భయపడని ఆడదాన్ని కల్పించడం కంటే, భయం లోపలి నుంచి ఎలా ఉంటుందో చూపించడం ఆమెకి ముఖ్యమైందని నేననుకుంటున్నాను. రాత్రిపూట ఒంటరిగా హాస్టలు గదిలో గొళ్ళెం మళ్ళీ మళ్ళీ చూసుకున్నవాళ్ళకి దాని విలువ తెలుస్తుంది.

'సస్పెన్స్'లో నా దృష్టి నిలిచిన మనిషి ఇంకొకరున్నారు. పనిమనిషి. సినిమా మొదట్లోనే ఆమె ఈ ఊరవతల ఇంట్లో నావల్ల కాదని చీటీ రాసిపెట్టి, తాళంచెవి గుమ్మం పట్టా కింద పెట్టి వెళ్ళిపోతుంది. ఆ తాళంచెవితోనే ఆ తర్వాత దొంగ లోపలికొస్తాడు. వచ్చి ముందు వంటింట్లోకి వెళ్ళి ఆబగా తింటాడు. ఆకలిగొన్నవాడు. భర్త ఆఖరికి వస్తాడు, ఆమె అతని గుండెల మీద వాలిపోతుంది. పనిమనిషి ఆ రాత్రి ఎక్కడ పడుకుందో సినిమాకి అక్కర్లేదు. తనంతట తను నిర్ణయం తీసుకుని గడప దాటిన ఒకే ఒక్క ఆడది ఆ కథలో ఆమే.

ఇంత చెప్పి జీన్ గాంటియర్ని వదిలేస్తే నాకు నిద్ర పట్టదు. కేలెం కంపెనీలో నటి. 'గర్ల్ స్పై' వరసలో మగవేషం వేసి గుర్రాల మీంచి, వంతెనల మీంచి తనే దూకేది. కథలూ తనే రాసేది. 1907లో 'బెన్ హర్' అనే లావుపాటి నవలని ఒక రీలు సినిమాకి కుదించమంటే రెండు రోజుల్లో రాసిచ్చింది. ఎవరూ నవలా హక్కులు అడగలేదు, అప్పట్లో అడిగే అలవాటు లేదు. ప్రచురణకర్తలు కోర్టుకెక్కారు. సుప్రీంకోర్టు దాకా పోయి 1911లో కేలెం ఓడిపోయింది, 25,000 డాలర్లు కట్టింది. సినిమాకి కథ వాడుకుంటే రచయితకి హక్కు ఉంటుందని అమెరికాలో తేలింది ఆ కేసుతోనే. ఆ కేసు పేరు న్యాయశాస్త్ర విద్యార్థులకి తెలుసు. కంపెనీ పేరుంది, ప్రచురణకర్తల పేరుంది. రాసినామె పేరు అందులో లేదు.

ఈ మాట రాస్తుంటే చెయ్యి కాస్త ఆగింది. నేను పరిశోధన చేస్తున్న రోజుల్లో ఒక సంకలనానికి పనిచేశాను. పేరెందుకులెండి. రెండేళ్ళు. పాత పత్రికల్లోంచి ఆడవాళ్ళ రచనలు వెతికి, దుమ్ము దులిపి, చేత్తో ఎత్తిరాసి, ఒక్కొక్కరి వివరాలూ సేకరించాను. పుస్తకం వచ్చింది. ముందుమాట చివర్లో 'సహకరించిన విద్యార్థులకు' అని ఒక వాక్యం ఉంది. మరుగున పడ్డ స్త్రీలని వెలికి తీశామని ఆవిష్కరణ సభలో బాగా మాట్లాడారు. నేను మూడో వరసలో కూర్చుని చప్పట్లు కొట్టాను కూడా. ఎవరితోనూ అనలేదు. ఆ తర్వాత గాంటియర్ గురించి చదివాను. ఆమె 1928లో కూర్చుని తన సినిమా రోజుల జ్ఞాపకాలు రాసి ఒక మహిళా పత్రికలో వరసగా అచ్చు వేయించుకుంది. ఏ సినిమా ఎవరు రాశారో, ఎవరు దూకారో, ఎవరికి జ్వరమొచ్చిందో అన్నీ. ఎవరో వచ్చి తవ్వి తీస్తారని ఆగలేదు.

ఆలిస్ గీ కూడా అంతే. కంపెనీ మునిగింది, పెళ్ళి విడిపోయింది. 1922లో ఇద్దరు పిల్లల్ని తీసుకుని ఫ్రాన్స్ వెళ్ళిపోయింది. సినిమా పని అడిగితే, నువ్వు తీసినవేవీ చూపించు అన్నారు. చేతిలో ఒక్క రీలు లేదు. 1927లో మళ్ళీ అమెరికా వచ్చి, లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌కి వెళ్ళి తన సినిమాల కోసం వెతుక్కుంది. ఒక్కటీ దొరకలేదు. దాదాపు 1000 సినిమాలకి పనిచేసిన మనిషి. ఈలోగా ఫ్రాన్స్‌లో సినిమా చరిత్రలు రాసేశారు, ఆమె సినిమాలు కొన్ని ఆమె కింద పనిచేసిన మగవాళ్ళ పేర్లతో అచ్చయ్యాయి. ఆమె చరిత్రకారులకి ఉత్తరాలు రాసింది. జ్ఞాపకం ఉన్నంతవరకు తన సినిమాల జాబితా తనే తయారు చేసుకుంది. స్వీయచరిత్ర రాస్తే అచ్చువేసేవాళ్ళు దొరకలేదు. ఆమె 1968లో న్యూజెర్సీలో చనిపోయింది, ఒకప్పుడు స్టూడియో కట్టించిన రాష్ట్రంలోనే. పుస్తకం ఫ్రెంచిలో వచ్చింది 1976లో. స్వీయచరిత్రల మీద అంత పెద్ద థీసిస్ రాసిన నేను ఆ పుస్తకం పేరు కూడా అప్పటిదాకా వినలేదు.

ఇప్పుడు ఆమె సినిమాలు 150 దాకా లెక్క తేలాయి, దేశదేశాల ఆర్కైవుల్లో.

మొన్న ఈ ఏడాది పిల్లలకి మొదటి క్లాసు. ప్రొజెక్టరు ఒక పట్టాన వెలగలేదు. వెలిగాక ట్వెంటీ థర్డ్ స్ట్రీట్ వేశాను. స్కర్టు లేవగానే క్లాసులో సగం మంది 'ఛీ' అన్నారు, సగం మంది నవ్వారు. మళ్ళీ వెయ్యండి మేడమ్ అన్నారు. వేశాను. చివరి బెంచీలో ఒకమ్మాయి లేచి, "అందరి పేర్లూ చెప్పారు కదా మేడమ్, తీసినాయన పేరు, కంపెనీ పేరు. ఆ నవ్వినామె పేరేంటి?" అంది. బోర్డు మీద రాశాను, ఫ్లారెన్స్ జార్జీ అని. వాళ్ళు నోటుబుక్కుల్లో రాసుకున్నారు. పక్కన 1901 కూడా వెయ్యాలా అని ఒకమ్మాయి అడిగింది. వెయ్యమన్నాను.